పెద్దత్త సందు

పంతొమ్మిదో పేజీలో కింది నుంచి మూడో మాట దగ్గర కొలతమ్మ వేలు ఆగిపోయింది.

కొలతమ్మకి కూడబలుక్కుని చదివేంత చదువు వచ్చు. ఒక్కో అక్షరం మీదా వేలు పెట్టి, పెదాలు కదుపుతూ, పక్కనెవరైనా మాట్లాడితే "ష్" అంటూ చదువుతుంది. ఆ పూట గోదాములో అందరికీ మేనేజరు తలా ఒక బుక్కు పంచాడు. ఇరవై పేజీలు. నడుం విరక్కుండా బస్తా ఎలా ఎత్తాలి, కొక్కెం ఎక్కడ గుచ్చాలి, చినిగిన గోనె ఎవరికి చూపించాలి, అన్నీ బొమ్మలేసి మరీ రాశారు. చివర్లో 'మన గోదాము మాటలు' అని ఒక పట్టీ. కొత్తగా చేరినవాళ్ళకి పాతవాళ్ళ మాటలు తెలియడం లేదని మేనేజరు ముచ్చటపడి రాయించాడు. ముచ్చట మంచిదే, కాదన్నదెవరు? ముచ్చట పడ్డవాడు నలుగురినీ అడిగి రాయాలా వద్దా?

అక్కడ ఇలా ఉంది:

"పెద్దత్త సందు: దొంతరకీ పక్కగోడకీ మధ్య వదిలే ఇరుకు దారి. పూర్వం ఒక హమాలీ, తనని వెతుక్కుంటూ వచ్చే అత్తగారికి దొరక్కుండా ఇందులో దాక్కునేవాడట. అలా సరదాగా ఈ పేరు వచ్చింది. ఇప్పుడు దీని అవసరం లేదు."

ఒకసారి చదివింది. అర్థం కాలేదేమో అనుకుని రెండోసారి చదివింది. మూడోసారి చదివేసరికి చెవులు వేడెక్కాయి.

"ఎవడ్రా ఇది చెప్పింది?"

బస్తాల మీద కూర్చుని టీ తాగుతున్న పది మందీ తలలు దించుకున్నారు. ఒక్కడు మాత్రం గ్లాసు అడ్డం పెట్టుకుని నవ్వు ఆపుకుంటున్నాడు. వాణ్ణి రేడియో అంటారు. నోట్లో నువ్వుగింజ నానదు, అడిగినా అడక్కపోయినా మోగుతూనే ఉంటాడు.

"నేనే వదినా," అన్నాడు. "మేనేజరు వచ్చి, ఈ పేరెలా వచ్చిందని పాపం తెగ బతిమాలాడు. తెలీదంటే మన పరువేం కావాలి? చెప్పేవాడికి వినేవాడు లోకువ. ఏదో నోటికొచ్చింది చెప్పా. రాసేసుకుంటాడని కలగన్నానా?"

"నీ నోరు పడిపోను!"

"అంత కోపమెందుకు వదినా? అత్తల మీద జోకేస్తే కోడళ్ళు సంతోషించాలి గానీ. అత్తలేని కోడలు ఉత్తమురాలు అని ఊరికే అన్నారా?"

నలుగురు నవ్వారు. కొలతమ్మ నవ్వలేదు. బుక్కు మడిచి నడుం దగ్గర దోపుకుని, తలుపు వెనక మేకుకి వేలాడే కర్ర తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది. ఆ వెళ్ళడం చూసి రేడియో కూడా గ్లాసు కింద పెట్టాడు.

కొలతమ్మ అసలు పేరు ఆ గోదాములో ఆమె మొగుడికి తప్ప ఎవరికీ తెలియదు. హాజరు పుస్తకంలో కూడా కొలతమ్మ అనే రాసుకుంటారు. ఇరవయ్యో ఏట పెళ్ళయి, ఆ నెలలోనే పనికి వచ్చింది. ఇప్పుడు యాభై ఒకటి. బస్తాలు మోసింది, గోనెలు కుట్టింది, చివరికి మేస్త్రమ్మ అయింది. ఆమె చేతిలోని కర్ర ఓ చీపురుకర్ర ముక్క, మూరెడు మీద నాలుగు వేళ్ళు ఉంటుంది. చేతి చెమటకి నల్లబడి నున్నగా అయిపోయింది.

దొంతర పునాది వరుస పడగానే ఆమె వస్తుంది. గోడకీ బస్తాలకీ మధ్య కర్ర అడ్డం పట్టుకుని ఈ చివర్నుంచి ఆ చివరికి నడుస్తుంది. కర్ర ఎక్కడా ఆగకూడదు. నాలుగో వరుసకి మళ్ళీ నడుస్తుంది, ఎనిమిదో వరుసకి మళ్ళీ. ఎందుకంటే బస్తాకి పొట్ట ఉంటుంది. పైన బరువు పడేకొద్దీ కింద బస్తా పక్కకి ఉబ్బుతుంది. పునాది దగ్గర చూసి చాల్లే అనుకున్న సందు, పదహారో వరుస పడేసరికి బెత్తెడు తగ్గిపోతుంది. ఈ సంగతి కొత్తవాళ్ళకి ఎంత చెప్పినా దున్నపోతు మీద వాన కురిసినట్టే. కర్ర ఎక్కడైనా తగిలిందా, ఇంక అంతే సంగతులు, ఆ వరుస మొత్తం దింపాల్సిందే. "సగం బస్తా మందమే కదమ్మా తగ్గింది" అన్నవాడు ఆ పూటంతా తిట్లు తినేవాడు. ఒకసారి ఆరడుగుల హమాలీ ఒకడు ఎదురు తిరిగితే, వాడి భుజం మీద బస్తా అలాగే ఉంచి, తిట్టడం పూర్తయ్యేదాకా దించనివ్వలేదు. వెనకాల అందరూ ఆమెని ఏమనుకునేవాళ్ళో ఆమెకి తెలుసు.

కోపం ఇంటికీ వచ్చేది. మొగుడు అదే గోదాములో కాటా దగ్గర పని చేస్తాడు. మనిషి మెతక, ఒళ్ళు మాత్రం పెద్దది, అచ్చం వాళ్ళమ్మ ఒళ్ళే వచ్చిందని అందరూ అంటారు. గిన్నె కింద పడితే కొలతమ్మ గిన్నెని తిట్టేది, తలుపు కిర్రుమంటే తలుపుని తిట్టేది. ఆయన నవ్వి, "అత్త మీద కోపం దుత్త మీద చూపించినట్టు, ఎవరి మీద కోపమే ఇది?" అనేవాడు. అలా అన్నప్పుడల్లా ఆమె ఒక్కసారిగా నోరు మూసుకునేది. దాంతో ఆ మాట బాగా పని చేస్తోందని ఆయన అనుకున్నాడు. ముప్పై ఒక్కేళ్ళ నుంచీ అదే అనుకుంటున్నాడు.

ఇంతకీ పెద్దత్త అంటే కొలతమ్మ అత్తగారే. ఆ రోజుల్లో గోదాము ఊడ్చేది ఆవిడ. అక్కడ పనిచేసే ఆడవాళ్ళందరికీ పెద్దత్తే. భారీ మనిషి. నడుస్తుంటే వాకిలి నిండిపోయేది, నవ్వితే గోదాములో పావురాలు లేచిపోయేవి. తన లావు మీద తనే జోకులేసుకునేది. కొత్తగా వచ్చిన కోడలు సన్నగా పుల్లలా ఉంటే, "ఒసే, నిన్ను చీపురులో కట్టేసి ఊడ్చినా తెలియదే" అనేది. పొద్దున్న పని మొదలెట్టే ముందు కోడలికి తన కంచంలోదే సగం పెట్టేది. ఆవిడ పోయి ముప్పై ఒక్కేళ్ళు. ఆవిడని ఎరిగినవాళ్ళు ఆ గోదాములో ఇద్దరే మిగిలారు, కొడుకూ కోడలూ. మిగతావాళ్ళకి పెద్దత్త అంటే ఒక సందు, అంతే.

ఇప్పుడు ఆ సందుకి కూడా చావొచ్చింది.

టీ గ్లాసులు కడిగేలోపే మేనేజరు పరుగులాంటి నడకతో వచ్చాడు. ముప్పై ఏళ్ళ మనిషి, బక్కపల్చన, చొక్కా జేబులో రెండు పెన్నులు. చెడ్డవాడేం కాదు. ఆ మాట కొలతమ్మ కూడా ఒప్పుకుంటుంది, కోపం లేనప్పుడు.

"అందరూ ఇటు రండి. పక్క గోదాము కప్పు కారుతోంది. ఎనిమిది వందల బస్తాలు మన దగ్గరికి పంపిస్తున్నారు. మొదటి లారీ దారిలో ఉంది. ఆకాశం చూశారుగా? వాన పడేలోపు అన్నీ లోపలికి రావాలి."

"ఎక్కడ పెడతారు సారూ?" అంది కొలతమ్మ. "లోపల కాలు పెట్టే చోటు లేదు."

"ఉంది. ఎడమ గోడ పొడుగునా ఆ సందు ఉంది కదా, అందులోకి ఒక వరుస దింపేద్దాం. కుడివైపు కూడా అంతే. లెక్కేశాను, సరిగ్గా పడతాయి. బుక్కులో కూడా రాశాం కదా, దాని అవసరం లేదని."

కొలతమ్మ నడుం దగ్గర నుంచి బుక్కు తీసింది. "ఇది రాసింది నువ్వేనా?"

మీరు పోయి నువ్వు వచ్చిందని అందరూ గమనించారు. మేనేజరు గమనించలేదు.

"అవునండీ. బాగుందా?"

"బాగుందా అంటావా!" అంటూ వెళ్ళి ఎడమ సందు మొదట్లో అడ్డంగా నిలబడింది. చేతిలో కర్ర. "దింపండి చూద్దాం. ముందు నా మీద దింపండి."

బయట లారీ హారన్ మోగింది. హమాలీలు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. వాళ్ళకీ ఆ సందు అంటే విసుగే. ఎన్నిసార్లు దింపించింది, ఎన్నిసార్లు మళ్ళీ ఎక్కించింది! కాటా దగ్గర నుంచి మొగుడు కూడా వచ్చి నిలబడ్డాడు.

మేనేజరు గొంతు తగ్గించాడు. "అమ్మా, బస్తాలు తడిస్తే మొలకలొస్తాయి. తినే గింజ అది. మీకు తెలియనిదా? ఊరికే వద్దంటే ఎలా? కారణం చెప్పండి. నేను వినను అనలేదు."

"ఇక్కడ మనిషి చచ్చిపోయింది. చాలా?"

"తెలుసు. పాత ఫైలు చూశాను." అతను నిజంగానే చూశాడు, అబద్ధం కాదు. "కింది బస్తాలని ఎలుకలు కొరికాయి, గింజ కారిపోయి దొంతర వెనక్కి కూలింది. ఊడ్చే మనిషి వెనక ఉండిపోయింది. సందు మరీ ఇరుకుగా పెట్టారని మేస్త్రిని తీసేశారు. ఇప్పుడు కింద చెక్కలు వేస్తున్నాం, ఎలుకలు లేవు. అప్పటి మేస్త్రి లాంటివాళ్ళూ లేరు."

"అదీ మాట," అన్నాడు మొగుడు. ఆయన పెద్దగా మాట్లాడడు గానీ ఈ విషయంలో మాత్రం ఆగడు. "ఆ మేస్త్రి పాపం తగిలింది మా అమ్మకి. కళ్ళు నెత్తికెక్కినవాడు. జానా బెత్తెడు సందు పెట్టి మనిషిని చంపాడు. వాడు పోయినప్పుడు ఊరంతా వెళ్ళారు, నేను గడప దాటలేదు. సారూ, మా ఆవిడ కొలిచినంత కాలం అలాంటిది జరగదు. ఒసే, నువ్వు ఇలా రా. కాస్త తక్కువ వదులుతాననే కదా ఆయన అంటున్నాడు."

"కాస్త తక్కువ అనలేదు, అసలే వద్దన్నాడు!"

"సరే, సరే," అన్నాడు మేనేజరు. రాజీకి దొరికిన దారి చూసి అతని మొహం వెలిగింది. "మీ మాటా వద్దు, నా మాటా వద్దు. బస్తాలు నిలువుగా కాకుండా అడ్డంగా వేద్దాం, కొంచెం సందు మిగులుతుంది. రేడియో, అక్కడ రెండు బస్తాలు అడ్డంగా పెట్టు."

రేడియో పెట్టాడు. మేనేజరు కొలతమ్మ పక్క నుంచి లోపలికి వెళ్ళి, గోడకి వీపు ఆనించి, పక్కకి తిరిగి, బస్తాకీ గోడకీ మధ్య అటు నాలుగడుగులు ఇటు నాలుగడుగులు నడిచాడు. చొక్కా గుండీ కూడా బస్తాకి తగల్లేదు. చేతులు దులుపుకుని బయటికి చూసి నవ్వాడు.

"చాలు," అన్నాడు. "నేను పట్టానుగా."

కొలతమ్మ చేతిలో కర్ర కింద పడింది.

ఆమె అరుస్తుందని అందరూ అనుకున్నారు. అరవలేదు. సందులోకి వెళ్ళి, మేనేజరు రెండు పెన్నుల జేబు పట్టుకుని బయటికి లాక్కొచ్చింది. చొక్కా గుండీ ఒకటి ఊడి దొర్లిపోయింది.

"ఏమన్నావు?"

"ఏమన్నానమ్మా?"

"ఇప్పుడేమన్నావో మళ్ళీ అను!"

"చాలు, నేను పట్టాను, అన్నాను..."

"అదే! సరిగ్గా అదే మాట!" ఇప్పుడు అరిచింది. గోదాము ఆ చివరిదాకా వినపడింది. "ఏరా, నువ్వు పడితే చాలా? ఊడ్చేది నువ్వా? ఆ వెనక్కి వెళ్ళేది నువ్వా? ఆ పిన్నిని నిలబెట్టి చూశావా?"

ఊడ్చే పిన్ని చీపురు పట్టుకుని వాకిట్లో నిలబడి ఉంది. ఆవిడా లావే. అందరూ తనవైపు చూసేసరికి కొంగు సర్దుకుని ఒక అడుగు వెనక్కి వేసింది. మేనేజరు ఆవిణ్ణి అప్పుడే మొదటిసారి చూసినట్టు చూశాడు.

"ఆ పేరు ఎలా వచ్చిందో తెలియాలా నీకు? రాసుకో. ఆ పెన్నులు ఎందుకున్నాయి, జేబుకి అలంకారానికా? రాసుకో!" కొలతమ్మ ఊపిరి తీసుకుంది. మొగుడి వైపు చూడలేదు. చూస్తే చెప్పలేనని ఆమెకి తెలుసు. "మేస్త్రి కొలవలేదు. ఆ రోజు మేస్త్రి నన్ను పిలిచాడు. అప్పట్లో కర్రలేం లేవు, మనిషిని నిలబెట్టి కొలిచేవాళ్ళు. 'అమ్మాయ్, ఇలా వచ్చి గోడకి నిలబడు' అన్నాడు. నిలబడ్డాను. బస్తా జరిపాడు. ఇంకా జరపనా అన్నాడు. నేను అటూ ఇటూ నడిచి చూపించాను. 'చాలు, నేను పట్టాను' అన్నాను. పెళ్ళయి నెల కాలేదు. చలాకీ పిల్ల అనిపించుకోవాలి కదా! నాలుగడుగులు గెంతి మరీ చూపించాను."

బయట లారీ డ్రైవరు ఇంకోసారి హారన్ కొట్టాడు.

"దొంతరల మధ్య దారి బస్తాలతో మూసేటప్పుడు పెద్దత్త వెనక ఊడుస్తోంది. ఈ సందులోంచి వచ్చేస్తుందిలే అనుకున్నాం అందరం. దొంతర కదిలింది. గింజ జారుతున్న చప్పుడు ముందు ఆవిడే విన్నట్టుంది, పరిగెత్తుకుంటూ వచ్చి సందులో దూరింది. సగం దాకా వచ్చింది. పై బరువుకి బస్తాలు ఉబ్బి ఉన్నాయి, ఇంక రాలేదు. నేను ఇటు నుంచి చెయ్యి పట్టుకున్నాను. ఇదిగో, ఈ చెయ్యే. లాగాను. చెయ్యి వచ్చింది గానీ మనిషి రాలేదు." ఆమె గొంతు అక్కడ ఒక్కసారి జారింది, దాని మీద కూడా ఆమెకి కోపమొచ్చింది. "ఏమందో తెలుసా? నన్ను చూసి నవ్వింది. 'ఒసే, నీ నడుం పెట్టి కొలిచావా నన్నూ!' అంది. ఆవిడకి తెలిసిపోయింది. కొలిచింది ఎవరో తెలిసిపోయింది. ఆ తర్వాత, 'వెనక్కి పో, నీ మీద పడుతుంది' అని చెయ్యి విదిలించుకుంది. అంతే."

ఊడ్చే పిన్ని చీపురు కింద పెట్టి కళ్ళు తుడుచుకుంది. రేడియో తల వంచుకుని కొక్కెంతో నేల గీకుతున్నాడు.

"ఇంటికి తెచ్చి పడుకోబెట్టాక, ఆవిడ చీపురుకర్రే తీసుకుని కొలిచాను. పొట్ట దగ్గర కొలిచాను. దాని మీద నాలుగు వేళ్ళు కలిపి విరిచాను. మర్నాటి నుంచీ పెద్దత్త పట్టేంత సందు వదలండి, పెద్దత్త పట్టేంత సందు వదలండి అని అందరి వెంటా పడ్డాను. అలా వచ్చింది మీ సరదా పేరు! అత్తకి దొరక్కుండా దాక్కోవడమట! మేస్త్రిని నిలదీసినప్పుడు కొలిచింది నేనని చెప్పి ఉంటే ఆయన పని పోయేది కాదు. ఆయన నా పేరు చెప్పలేదు. చిన్నపిల్ల, కొత్త కోడలు అని ఊరుకున్నాడు. నేనూ ఊరుకున్నాను. ఆయన పోయేదాకా ఊరుకున్నాను. ఊరుకున్నది చాలక ఆ మనిషిని తిడుతుంటే వింటూ కూర్చున్నాను. రాశావా?"

మేనేజరు రాయలేదు. "అమ్మా, ఇలా అచ్చులో... మీ పేరు..."

"పేర్లు వద్దు. కోడలు అని రాయి. 'ఒక కోడలు తన ఒళ్ళు పెట్టి కొలిచింది. అత్త పట్టలేదు. అప్పటి నుంచీ అందరికన్నా లావైన మనిషిని బట్టి వదిలే సందు.' అంతే రాయి. ఆ చివరి ముక్క కొట్టెయ్యి, అవసరం లేదన్నది."

బుక్కు మోకాలి మీద పెట్టుకుని అతను రాశాడు. ఆమె వేలు పెట్టి, కూడబలుక్కుని, ప్రతి అక్షరం సరిచూసుకుంది. ఒకచోట 'ఒళ్ళు' బదులు 'శరీరం' అని రాశాడు. కొట్టేయించింది.

"మరి బస్తాలు?" అన్నాడు మేనేజరు చివరికి. ఆ అడగడంలో పెంకితనం లేదు, నిజంగానే దిక్కు తోచలేదు.

"నీ గది ఎంత పొడుగుంది?"

మేనేజరు గదిలో నూట తొంభై పట్టాయి. వరండాలో పలకలు పరిచి, మీద టార్పాలిన్ కప్పి, మిగతావి సర్దారు. తూకం గదిలో కొన్ని, టీ తాగే చోట కొన్ని. ఆ వారమంతా మేనేజరు వాకిట్లో స్టూలు మీద కూర్చుని సంతకాలు పెట్టాడు. వాన పడింది. ఏడు బస్తాలు తడిశాయి. ఆ ఏడింటి కోసం పైవాళ్ళ చేత అతను తిట్లు తిన్నాడు, కానీ ఎవరి పేరూ చెప్పలేదు. అది విన్నాక కొలతమ్మ అతనికి గుండీ కుట్టి పెట్టింది. కుడుతూ కూడా తిట్టిందనుకోండి.

అవన్నీ తర్వాతి సంగతులు. ఆ సాయంత్రం మొగుడు ఆమె కోసం ఆగలేదు. పెళ్ళయిన దగ్గర్నుంచీ గేటు దగ్గర ఆగేవాడు, ఆ రోజు ఆగలేదు. ఆమె ఇంటికొచ్చేసరికి మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. ఆమె కంచం పెట్టింది. ముట్టుకోలేదు.

"తిట్టు," అంది. "ఊరుకోకు. నీ ఇష్టం వచ్చినంత తిట్టు."

"ముప్పై ఒక్కేళ్ళు ఆ మనిషిని తిట్టాను," అన్నాడు. కేక వెయ్యలేదు. ఆయనకి కేకలు వెయ్యడం రాదు. "ఎదురొస్తే ఉమ్మేశాను. ఆయన తల దించుకుని పోయేవాడు. ఇంటికొచ్చి నీకు గొప్పగా చెప్పుకునేవాణ్ణి. నువ్వు వింటూ నాకు వడ్డించావు."

ఎప్పుడూ నోటి మీద ఉండే కోపం ఆమెకి రాలేదు. కంచం తీసి లోపల పెట్టింది.

మర్నాడూ మాట్లాడలేదు. ఆ మర్నాడు పొద్దున్నే ఎటో వెళ్ళాడు. ఆ మేస్త్రి కొడుకు ఇంటికి వెళ్ళి, వాకిట్లోనే నిలబడి ఏదో చెప్పి వచ్చాడని తర్వాత ఎవరో చెప్పారు. ఆ రోజు పనికి ఆలస్యంగా వచ్చాడు. అప్పటికి కుడి గోడ పక్కన పాత సరుకు బయటికి పోయి కొత్త దొంతర మొదలైంది. నాలుగో వరుస పడింది. కొలతమ్మ కర్ర అడ్డం పట్టుకుని ఆ చివరికి నడిచి ఈ చివరికి వచ్చింది. ఎక్కడా తగల్లేదు.

"కానివ్వండి," అంది.

"ఆగండి."

మొగుడు కాటా వదిలేసి వస్తున్నాడు. ఎవరినీ చూడలేదు. నేరుగా వచ్చి గోడకి వీపు ఆనించి సందులో నిలబడ్డాడు. పక్కకి తిరిగాడు. ఒక అడుగు వేశాడు, ఇంకో అడుగు వేశాడు. వాళ్ళమ్మ ఒళ్ళు, అంతకన్నా కాస్త ఎక్కువే. పొట్ట బస్తాని రాసుకుంటూ పోయింది. మధ్యలో ఆగి, అక్కడే నిలబడి, బస్తాల మీద చెయ్యి వేసి చాలాసేపు ఉండిపోయాడు. హమాలీలు భుజాల మీద బరువులతో అలాగే నిలబడ్డారు.

తర్వాత ఆయన కొలతమ్మ వైపు తిరిగాడు. ఆ సాయంత్రం తర్వాత ఆమెతో ఇదే మొదటి మాట.

"చాలదు," అన్నాడు.

ముప్పై ఒక్కేళ్ళుగా ఎవరు చెప్పినా ఆ కర్ర కొలత ఆమె మార్చలేదు, తగ్గించనూ లేదు, పెంచనూ లేదు. ఇప్పుడు కర్రని గోడకి ఆనించి, దాని చివర తన పిడికిలి పెట్టి చూసుకుంది. కళ్ళు కనపడక రెండుసార్లు పెట్టాల్సి వచ్చింది. ఆ తర్వాత హమాలీల మీదికి తిరిగింది.

"ఏం, చెవులు పనిచెయ్యడం లేదా? చాలదంటున్నాడుగా! దింపండి, నాలుగు వరుసలూ దింపండి!"